పీక్ రేటింగ్ ఒక్కటే చూస్తే కోర్చ్నోయ్‌ని ఎక్కడ పెడతారు?

మీరు అడిగినవి రెండు. చెస్‌లో గ్రాండ్‌మాస్టర్ (జీఎం) టైటిల్ వచ్చేస్తే ఇక ప్లేయర్ కెరీర్ సెట్ అయిపోయినట్టేనా అనేది ఒకటి. రెండోది, ఎవరి కెరీర్ గొప్పదో పీక్ రేటింగ్ (ఆట బలాన్ని చెప్పే నంబర్ అత్యధికంగా ఎంత దాకా వెళ్ళిందనేది) చూసి చెప్పేయొచ్చు కదా, 1972 వరల్డ్ చాంపియన్ బాబీ ఫిషర్ పీక్ 2785, దాన్ని దాటినవాళ్ళు ఇప్పుడు చాలామందే ఉన్నారు, మరి ఇంకా ఫిషర్ ఫిషర్ అంటారేంటి అని. రెండింటికీ నా జవాబు కాదు అనే. ఎందుకు కాదో చెప్పాలంటే కాస్త పొడుగవుతుంది, ఓపిగ్గా చదవండి. నేను చాలా ఏళ్ళుగా చెస్ టోర్నమెంట్లలో ఆర్బిటర్‌గా (రిఫరీ లాంటి పని) చేస్తున్నా, పక్కన కోచింగ్ కూడా ఉంది, కాబట్టి ఇవి నేను రోజూ చూసే విషయాలే.

ముందు టైటిల్ సంగతి. ప్రపంచ చెస్ సమాఖ్య ఫిడే, జీఎం టైటిల్‌ని అధికారికంగా ఇవ్వడం మొదలుపెట్టింది 1950లో, ఆ ఏడు ఇచ్చింది మొత్తం 27 మందికి. అంటే అప్పట్లో జీఎం అంటే ప్రపంచ చాంపియన్‌షిప్‌కి పోటీపడే స్థాయి మనిషి, లేదా ఒకప్పుడు ఆ స్థాయిలో ఆడిన పెద్దాయన అన్నట్టు. ఇవాళ జీఎంలు రెండు వేలకు పైనే, ఒక్క ఇండియాలోనే 80 దాటారు. టైటిల్ చీప్ అయిపోయిందని నేననను, ఇప్పటికీ చచ్చేంత కష్టం, కానీ దాని అర్థం మారింది. అదిప్పుడు గేటు. లోపల ఏముందనేది గేటు దాటాకే తెలుస్తుంది.

ఆ గేటు ఎలా ఉంటుందో దగ్గర్నుంచి చూపిస్తా. మూడు నార్మ్‌లు కావాలి, మొత్తం కనీసం 27 గేమ్‌లు, రేటింగ్ ఒక్కసారైనా 2500 తాకాలి (టోర్నమెంట్ మధ్యలో ఒక రౌండ్ తర్వాత తాకి మళ్ళీ పడిపోయినా లెక్కే). నార్మ్ అంటే ఆ టోర్నమెంట్‌లో 2600 పెర్ఫార్మెన్స్, అంటే 2600 రేటింగ్ ఉన్నవాడి స్థాయిలో ఫలితాలు. మామూలుగా తొమ్మిది రౌండ్లు, ఎదురుగా కూర్చున్నవాళ్ళలో కనీసం ముగ్గురు జీఎంలు ఉండాలి, వేరే దేశాల వాళ్ళుండాలి, ఇలా రూల్స్ ఉంటాయి. అసలు టెన్షన్ మాత్రం ప్రత్యర్థుల రేటింగ్ యావరేజ్ దగ్గర. ప్రత్యర్థుల యావరేజ్ 2475 ఉంటే 9కి 6 పాయింట్లు చాలు, 2434 ఉంటే 6.5 కావాలి, 2380 ఉంటే 7 కావాలి. ఇప్పుడు ఒక కుర్రాడు ఎనిమిది రౌండ్లకి 6 మీద ఉన్నాడనుకోండి, డ్రా చేసుకుంటే 6.5, నార్మ్ వచ్చేస్తుందని రాత్రంతా లెక్కలు వేసుకుంటాడు, పొద్దున లాస్ట్ రౌండ్ పెయిరింగ్ పడేసరికి వాడికి ఒక తక్కువ రేటింగ్ ప్లేయర్ వస్తాడు, యావరేజ్ 2434 నుంచి 2433కి జారుతుంది, అంతే, పెర్ఫార్మెన్స్ 2599. డ్రా పనికిరాదు, నల్లపావులతో గెలిచి తీరాలి. ఆ ఒక్క పాయింట్ తేడాకి కళ్ళనీళ్ళు పెట్టుకున్న పిల్లల్ని, వాళ్ళకన్నా ఎక్కువ ఏడ్చిన అమ్మానాన్నల్ని చూశాను. కాబట్టి టైటిల్ కష్టం నాకు తెలుసు.

కానీ 2500 నుంచి 2700కి ఉన్న దూరం, సున్నా నుంచి 2500కి ఉన్న దూరం కన్నా ఎక్కువని ఆ దారిలో నడిచినవాళ్ళు ఎవరైనా చెప్తారు. 200 పాయింట్ల తేడా అంటే ఏంటి? రేటింగ్ లెక్కగట్టే ఎలో పద్ధతి ప్రకారం పైవాడికి వంద గేమ్‌లలో 76 పాయింట్లు దాకా రావాలి. అంటే 2500 జీఎం 2700 జీఎంతో ఆడితే, ఒక అనుభవం ఉన్న క్లబ్ ప్లేయర్ తనకన్నా రెండు మెట్లు పైవాడితో ఆడినట్టే ఉంటుంది. టైటిల్ ఇద్దరికీ ఒకటే. ఇంకోటి, టైటిల్ జీవితాంతం ఉంటుంది, రేటింగ్ ఉండదు. 2300లకి పడిపోయిన జీఎంలు ఎంతోమంది, పేరు ముందు జీఎం అలాగే ఉంటుంది.

మరి 2500, 2550 దగ్గర ఆగిపోయినవాళ్ళు ఏం చేస్తారు అంటే, చాలామంది ఓపెన్ టోర్నమెంట్లు తిరుగుతారు, యూరప్‌లో లీగ్‌లు ఆడతారు (జర్మన్ బుండెస్‌లిగా లాంటివి, టీమ్ వాళ్ళు గేమ్‌కి ఇంత అని ఇస్తారు), కోచింగ్ చెప్తారు, ఇప్పుడైతే స్ట్రీమింగ్ కూడా. ఓపెన్‌లలో ప్రైజ్ మనీ పైన నలుగురైదుగురికే గట్టిగా వస్తుంది, మిగతావాళ్ళకి దారి ఖర్చులు గిట్టుబాటైతే గొప్ప. ఇంకో దారి సెకండ్‌గా పనిచెయ్యడం. పెద్ద ప్లేయర్‌కి మ్యాచ్ ముందు ఓపెనింగ్స్ (ఆట మొదట్లో వేసే ఎత్తులు) తవ్విపెట్టే టీమ్ ఉంటుంది కదా, వాళ్ళు. 2008లో బాన్‌లో వరల్డ్ టైటిల్ మ్యాచ్‌లో క్రామ్నిక్ మీద ఆనంద్ గెలిచినప్పుడు వెనక పీటర్ హైనె నీల్సన్, కాసిమ్‌జానోవ్, వొయ్తాషెక్, సూర్యశేఖర్ గంగూలీ ఉన్నారు. అందులో కాసిమ్‌జానోవ్ స్వయంగా 2004లో ఫిడే నాకౌట్ వరల్డ్ చాంపియన్! నీల్సన్ తర్వాత, ఆనంద్ నుంచి టైటిల్ గెలుచుకున్న కార్ల్‌సన్ క్యాంప్‌కి వెళ్ళాడు. నీల్సన్ కెరీర్‌ని ఆయన రేటింగ్‌తో కొలుస్తారా, ఆయన వెనకుండి గెలిపించిన మ్యాచ్‌లతో కొలుస్తారా? నేనైతే రెండోదానికే ఓటేస్తా.

ఇప్పుడు పీక్ రేటింగ్. ఫిడే ఎలో సిస్టమ్‌ని తీసుకుంది 1970లో, అంతకు ముందువాళ్ళకి అధికారిక నంబరే లేదు, లాస్కర్, కాపబ్లాంకా లాంటి పాత చాంపియన్లని ఏం చేద్దాం? సరే, ఉన్నవాళ్ళనే చూద్దాం. రేటింగ్ అనేది ఆ కాలంలో ఆడేవాళ్ళ మధ్య పాయింట్ల పంపకం. తూకం రాయి కాదు. ప్లేయర్లు పెరిగేకొద్దీ, టోర్నమెంట్లు పెరిగేకొద్దీ పైన నంబర్లు మారిపోతాయి. అందుకే నంబర్‌ని కాదు, పక్కవాడితో ఉన్న గ్యాప్‌ని చూడాలి. 1972 జూలై లిస్ట్‌లో ఫిషర్ 2785, రెండో స్థానంలో ఉన్న వరల్డ్ చాంపియన్ స్పాస్కీ 2660. నూట ఇరవై అయిదు పాయింట్ల గ్యాప్! కాస్పరోవ్ 1990 జనవరిలో మొదటిసారి 2800 తాకినప్పుడు వెనక కార్పోవ్ 2730. కార్ల్‌సన్ 2014 మేలో 2882తో అందరికన్నా ఎత్తుకి వెళ్ళాడు, అయినా నంబర్ టూతో ఫిషర్ అంత గ్యాప్ లేదు. ఆ గ్యాప్ ఊరికే రాలేదు. 1971 కాండిడేట్స్‌లో (చాంపియన్‌తో ఎవరు తలపడాలో తేల్చే పోటీలు) తైమనోవ్ మీద 6-0, లార్సెన్ మీద 6-0, పెట్రోసియన్ మీద 6.5-2.5. ఆ స్థాయిలో ఒక డ్రా కూడా ఇవ్వకుండా వరసగా రెండు మ్యాచ్‌లు ఊడ్చేయడం మళ్ళీ ఎవరూ చెయ్యలేదు. మీ ఫిషర్ ప్రశ్నకి అదీ జవాబు.

కానీ... ఇక్కడే నాకు ఫిషర్ మీద అభిమానం ఆగిపోతుంది. 1972లో రెక్యావిక్‌లో టైటిల్ గెలిచాడు, 1975లో టైటిల్ కోసం వచ్చిన కార్పోవ్‌తో ఆడకుండా వదిలేశాడు, మధ్యలో ఒక్క అఫీషియల్ గేమ్ లేదు. శిఖరం ఉంది, దిగడం లేదు, మళ్ళీ ఎక్కడమూ లేదు. ఒకళ్ళ కెరీర్ గురించి నన్నడిగితే నేను ముందు చూసేది, పెద్ద దెబ్బ తిన్నాక తర్వాతి పదేళ్ళు ఆ మనిషి ఏం చేశాడు అని. గెలుస్తున్నప్పుడు అందరూ బానే ఆడతారండి.

ఆ కొలతకి నిలువెత్తు ఉదాహరణ విక్టర్ కోర్చ్నోయ్. పీక్ రేటింగ్ 2695, 1979లో. ఈ రోజు ఆ నంబర్‌తో 2700 క్లబ్‌లోకి కూడా రాడు, మీ పద్ధతిలో అయితే ఆయన లిస్ట్‌లోనే కనపడడు. 1974లో కాండిడేట్స్ ఫైనల్‌లో కార్పోవ్ చేతిలో 3-2 తేడాతో ఓడాడు, మిగతా 19 గేమ్‌లు డ్రా, ఫిషర్ ఆడకపోవడంతో ఆ మ్యాచే దాదాపు టైటిల్ మ్యాచ్ అయిపోయింది. 1976లో ఆమ్‌స్టర్‌డామ్ టోర్నమెంట్‌కి వెళ్ళి తిరిగి సోవియట్‌కి వెళ్ళలేదు, భార్య, కొడుకు అక్కడే ఇరుక్కుపోయారు, ఆయన ఆడే టోర్నమెంట్లకి సోవియట్ ప్లేయర్లు రావడం మానేశారు. అప్పటికి ఆయనకి 45 ఏళ్ళు. చాలామంది బోర్డు సర్దేసే వయసు. అక్కణ్ణుంచి పెట్రోసియన్, పొలుగాయెవ్‌స్కీ, స్పాస్కీ ముగ్గుర్నీ దాటుకుని 1978లో టైటిల్ మ్యాచ్‌కి బాగియోలో కార్పోవ్ ముందు కూర్చున్నాడు. ఆరు గేమ్‌లు ఎవరు ముందు గెలిస్తే వాళ్ళది. కార్పోవ్ 5-2 మీద ఉన్నాడు, ఇంకొక్కటి చాలు. అక్కడ కోర్చ్నోయ్ నాలుగు గేమ్‌లలో మూడు గెలిచి 5-5 చేశాడు! 32వ గేమ్‌లో కార్పోవ్ గెలిచాడు. ఆ మ్యాచ్ గురించి జనం ఇప్పటికీ చెప్పుకునేది పెరుగు కప్పు గొడవ, పారాసైకాలజిస్ట్ గొడవ, నల్లకళ్ళద్దాల గొడవ. అసలు చెప్పుకోవాల్సింది ఆ నాలుగు గేమ్‌ల గురించి.

1981లో మెరానోలో కార్పోవ్‌తో టైటిల్ కోసం మళ్ళీ ఆడాడు, ఈసారి 6-2తో చిత్తుగా ఓడాడు. 1983లో కాస్పరోవ్‌తో కాండిడేట్స్ సెమీఫైనల్, వేదిక గొడవతో కాస్పరోవ్ రాకపోతే కోర్చ్నోయ్‌కి ఆడకుండానే మ్యాచ్ ఇచ్చేశారు, అయినా తర్వాత బోర్డు మీదే తేల్చుకుందామని ఒప్పుకున్నాడు, లండన్‌లో మొదటి గేమ్ గెలిచి చివరికి మ్యాచ్ ఓడాడు. ఆయన ఒప్పుకోకపోయుంటే కాస్పరోవ్ కథ కొన్నేళ్ళు వెనక్కి వెళ్ళేది. తర్వాత కూడా ఆగలేదు. 2007 జనవరిలో 75 ఏళ్ళ వయసులో ప్రపంచ టాప్ 100లో ఉన్నాడు. 2011 జిబ్రాల్టర్ టోర్నమెంట్‌లో ఆయనకి 79, ఎదురుగా 18 ఏళ్ళ ఫాబియానో కరువానా, అప్పటికే 2700 దాటినవాడు, నల్లపావులతో కూర్చుని గెలిచేశాడు కోర్చ్నోయ్. మూడేళ్ళ తర్వాత అదే కరువానా 2844కి వెళ్ళాడు. వరల్డ్ చాంపియన్ టైటిల్ లేదు, రేటింగ్ రికార్డు లేదు, కానీ ఆ కెరీర్ పక్కన పెట్టగలిగిన కెరీర్లు చాలా తక్కువ.

వరల్డ్ టైటిల్ కూడా సరైన కొలత కాదని మీకు ఈపాటికి అర్థమయ్యే ఉంటుంది. ఎస్టోనియా ఆయన పాల్ కెరెస్, 1953, 56, 59, 62, వరసగా నాలుగు కాండిడేట్స్‌లో రెండో స్థానం. కాపబ్లాంకా నుంచి ఫిషర్ దాకా తొమ్మిదిమంది వరల్డ్ చాంపియన్లని ఓడించాడు, టైటిల్ మ్యాచ్ మాత్రం ఒక్కటీ దక్కలేదు. బ్రాన్‌స్టీన్ 1951లో బోట్విన్నిక్‌తో 12-12, పీటర్ లేకో 2004లో క్రామ్నిక్‌తో 7-7, సమానమైతే చాంపియన్‌దే టైటిల్ అనే రూల్‌తో ఇద్దరూ ఒట్టి చేతులతో వెళ్ళారు. లేకో అయితే లాస్ట్ గేమ్ డ్రా చేసుకుంటే చాలు, అది ఓడాడు. అందరికన్నా దారుణం షిరోవ్‌ది. 1998లో కజోర్లాలో క్రామ్నిక్‌ని 5.5-3.5తో ఓడించాడు, గెలిస్తే కాస్పరోవ్‌తో టైటిల్ మ్యాచ్ అన్నారు, స్పాన్సర్లు కుదరలేదు, చివరికి 2000లో ఆ మ్యాచ్ ఆడింది ఎవరంటే ఓడిపోయిన క్రామ్నికే! ఆయన గెలిచి చాంపియన్ అయ్యాడు. క్రామ్నిక్ ఆట గొప్పదే, బెర్లిన్ డిఫెన్స్ అనే ఓపెనింగ్‌తో కాస్పరోవ్‌ని ఒక్క గేమ్ కూడా గెలవనివ్వలేదు, అది కాదనను. కానీ ఆ రెండేళ్ళలో షిరోవ్‌కి జరిగింది చూశాక, వికీలో "వరల్డ్ చాంపియన్" అనే లైన్ ఉందా లేదా అని చూసి మనిషిని తూచడం నేను మానేశాను.

వయసు సంగతి వచ్చింది కాబట్టి ఇంకో ముగ్గురు. లాస్కర్ 1894 నుంచి 1921 దాకా చాంపియన్, 27 ఏళ్ళు. అందరూ అక్కడ ఆగుతారు, నాకు నచ్చేది తర్వాతది: టైటిల్ పోయాక 1924 న్యూయార్క్‌లో 55 ఏళ్ళ వయసులో కాపబ్లాంకా, అలెఖైన్ ఇద్దరినీ వెనక్కి నెట్టి ఫస్ట్, 1935 మాస్కోలో 66 ఏళ్ళకి థర్డ్, కాపబ్లాంకా ఈసారీ లాస్కర్ తర్వాతే. స్మిస్లోవ్ టైటిల్ గెలిచింది 1957లో, ఏడాదికే బోట్విన్నిక్‌కి తిరిగిచ్చేశాడు, పాతికేళ్ళ తర్వాత అరవై దాటాక మళ్ళీ కాండిడేట్స్ ఫైనల్‌కి వచ్చి 1984లో కాస్పరోవ్‌తో ఆడాడు (దారిలో హ్యూబ్నర్‌తో మ్యాచ్ సమానమైతే రూలెట్ చక్రం తిప్పి తేల్చారు, నిజంగా జరిగింది, నవ్వుకోండి). తాల్ 23 ఏళ్ళకి చాంపియన్, 24కి మాజీ. జీవితాంతం కిడ్నీ జబ్బు. అందరూ తాల్ అంటే 1960 నాటి సాక్రిఫైస్‌లే (కావాలని పావులు వదులుకుని దాడి చెయ్యడం) చూపిస్తారు గానీ 1973, 74లలో వరసగా 95 గేమ్‌లు ఓడకుండా ఆడింది కూడా ఆ తాలే, 1988లో 51 ఏళ్ళకి వరల్డ్ బ్లిట్జ్ (కొన్ని నిమిషాల్లో అయిపోయే ఆట) గెలిచిందీ ఆయనే, అందులో కాస్పరోవ్, కార్పోవ్ ఇద్దరూ ఆడారు.

కాస్పరోవ్, కార్పోవ్ గురించి విడిగా చెప్పక్కర్లేదు, కానీ ఒక్క గేమ్ మాత్రం చెప్పాలి. 1987 సెవిల్, ఇద్దరి మధ్య 24 గేమ్‌ల టైటిల్ మ్యాచ్. 23వ గేమ్‌లో కాస్పరోవ్ ఒక కాంబినేషన్ తప్పుగా లెక్కేసి ఓడాడు, స్కోరు 12-11 కార్పోవ్‌కి. లాస్ట్ గేమ్ గెలిస్తేనే టైటిల్ నిలుస్తుంది. మామూలుగా మన పిల్లలు ఏం చేస్తారు, గెలవాలి కాబట్టి మొదటి మూవ్ నుంచే మీద పడతారు. కాస్పరోవ్ ఇంగ్లిష్ ఓపెనింగ్‌తో నింపాదిగా మొదలుపెట్టాడు, పావులు మార్చుకోలేదు, తొందరపడలేదు, బోర్డు మీద పావులన్నీ ఉంచి కార్పోవ్‌ని గడియారంతో కొట్టాడు. టైమ్ ట్రబుల్‌లో కార్పోవ్ తడబడ్డాడు, కాస్పరోవ్‌కి ఒక పాన్ (బంటు) ఎక్కువతో గేమ్ అడ్జర్న్ అయింది, మర్నాడు 64వ మూవ్‌కి కార్పోవ్ రిజైన్. 12-12, టైటిల్ నిలిచింది. "గెలిచి తీరాల్సిన గేమ్ ఎలా ఆడాలి" అని ఎవరైనా అడిగితే నేను ఇదే పెడతా. ఓడిన కార్పోవ్ ఏం చేశాడంటే, ఏడేళ్ళ తర్వాత 1994 లినారెస్ టోర్నమెంట్‌లో 13కి 11, ఒక్క ఓటమి లేదు, కాస్పరోవ్ కన్నా రెండున్నర పాయింట్లు ముందు. అప్పటికి వయసు 42.

ఇక ఆనంద్. 1988లో ఇండియాకి మొదటి జీఎం. చాలామంది ఆయన కెరీర్‌ని అయిదు వరల్డ్ టైటిళ్ళు (2000, 2007, 2008, 2010, 2012) అని ఒక్క లైన్‌లో చెప్పేస్తారు. నేను 2010 నుంచి చూడమంటా. ఐస్‌లాండ్ అగ్నిపర్వతం బూడిదతో యూరప్‌లో విమానాలు ఆగిపోయాయి, టైటిల్ మ్యాచ్ కోసం ఫ్రాంక్‌ఫర్ట్ నుంచి సోఫియాకి దాదాపు 40 గంటలు రోడ్డు మీద వచ్చాడు, మూడు రోజులు వాయిదా అడిగితే ఒక రోజు ఇచ్చారు, మొదటి గేమ్ తోపలోవ్ చేతిలో చిత్తుగా ఓడాడు. రెండోది గెలిచి లెవెల్ చేశాడు, చివరి పన్నెండో గేమ్ నల్లపావులతో గెలిచి 6.5-5.5. సరే, అది గెలిచిన కథ. 2013లో చెన్నైలో కార్ల్‌సన్ చేతిలో 6.5-3.5, ఒక్క గేమ్ గెలవలేదు. ఇక ఆనంద్ పని అయిపోయింది, రిటైర్ అయితే గౌరవంగా ఉంటుంది అని రాయనివాళ్ళు లేరు. నాలుగు నెలల తర్వాత కాండిడేట్స్, 14 రౌండ్లు, ఒక్క ఓటమి లేకుండా ఫస్ట్. మళ్ళీ సోచిలో కార్ల్‌సన్‌తో. అక్కడ ఆరో గేమ్ గుర్తుందా మీకు? 26వ మూవ్‌కి కార్ల్‌సన్ కింగ్‌ని డీ2 గడిలో పెట్టాడు, పచ్చి బ్లండర్, గుర్రంతో ఈ5 పాన్ కొడితే ఆనంద్‌దే గేమ్. ఆనంద్ చూడకుండా ఏ4 అని పాన్ తోశాడు, నిమిషం కూడా ఆగలేదు. ఆ గేమ్ ఓడాడు, మ్యాచూ పోయింది. ఆ దెబ్బకి ఎవరైనా లేస్తారా? 2017 డిసెంబర్, 48 ఏళ్ళు, రియాద్‌లో వరల్డ్ రాపిడ్ (తక్కువ టైమ్‌లో ఆడే ఆట) చాంపియన్, అందులో కార్ల్‌సన్‌ని కూడా ఓడించాడు. నా లెక్కలో ఆనంద్ కెరీర్‌లో 2013 తర్వాతి భాగం ముందుదానికి ఏమాత్రం తీసిపోదు.

ఆడవాళ్ళ గురించి మీరు అడగలేదు, అడగకపోయినా చెప్తా. జుడిట్ పోల్గార్ 1991లో 15 ఏళ్ళ 4 నెలలకి జీఎం అయి ఫిషర్ రికార్డు కొట్టింది, 2735 దాకా వెళ్ళింది, ప్రపంచంలో ఎనిమిదో స్థానం, ఆడవాళ్ళ లిస్ట్‌లో కాదు, అందరి లిస్ట్‌లో. ఆడవాళ్ళ వరల్డ్ టైటిల్ కోసం ఒక్కసారి కూడా ఆడలేదు. కాబట్టి "ఎన్ని వరల్డ్ టైటిళ్ళు" అని లెక్కేస్తే ఆవిడకి సున్నా! మన కోనేరు హంపి 2002లో జుడిట్ రికార్డుని బద్దలుకొట్టి 15 ఏళ్ళ 1 నెలకి జీఎం అయ్యింది, జుడిట్ తర్వాత 2600 దాటిన రెండో మహిళ తనే. పాప పుట్టాక రెండేళ్ళు ఆటకి దూరం, తిరిగొచ్చి 2019లో ఆడవాళ్ళ వరల్డ్ రాపిడ్, మళ్ళీ అయిదేళ్ళకి 2024లో న్యూయార్క్‌లో ఇంకోసారి, 37 ఏళ్ళకి. పీక్ రేటింగ్ 2009 నాటిది, కానీ ఆ రెండు టైటిళ్ళూ వచ్చింది దాని తర్వాత పదేళ్ళకి, పదిహేనేళ్ళకి. మీ పీక్ రేటింగ్ గ్రాఫ్‌లో ఇవెక్కడ కనపడతాయో చెప్పండి. ద్రోణవల్లి హారిక 2022 ఒలింపియాడ్‌లో తొమ్మిదో నెల కడుపుతో ఆడింది, టీమ్‌కి కాంస్యం వచ్చింది. 2025 ఆడవాళ్ళ వరల్డ్ కప్ ఫైనల్‌లో హంపిని టైబ్రేక్‌లో ఓడించిన దివ్య దేశ్‌ముఖ్‌కి అప్పటికి ఒక్క జీఎం నార్మ్ కూడా లేదు, ఆ కప్పుతోనే డైరెక్ట్‌గా జీఎం అయ్యింది. పైన నేను చెప్పిన 2433, 2434 బాధలేవీ లేకుండా అన్నమాట, అదృష్టం అనకండి, ఆ కప్పు గెలవడం మూడు నార్మ్‌ల కన్నా కష్టం.

ఇప్పటి కుర్రాళ్ళ మీద తీర్పు ఇప్పుడే ఇవ్వకండని నా సలహా. గుకేశ్ 12 ఏళ్ళ 7 నెలల 17 రోజులకి జీఎం, 18 ఏళ్ళకి 2024 డిసెంబర్‌లో సింగపూర్‌లో డింగ్ లిరెన్ మీద 7.5-6.5తో వరల్డ్ చాంపియన్, అంత చిన్న వయసులో ఎవరూ కాలేదు. 14వ గేమ్‌లో డ్రా దిశగా వెళ్తున్న ఎండ్‌గేమ్‌లో డింగ్ రూక్‌ని ఎఫ్2 మీద పెట్టడంతో అయిపోయింది, అది అదృష్టం అన్నవాళ్ళు బోలెడంతమంది. 55 మూవ్‌ల దాకా డ్రా ఒప్పుకోకుండా ఆడిస్తూ కూర్చున్నది ఎవరు మరి? అర్జున్ ఎరిగైసి అదే నెల లిస్ట్‌లో 2801. ఇద్దరూ ఇరవై చుట్టుపక్కల వాళ్ళే, వీళ్ళ కెరీర్‌లో మొదటి చాప్టర్ కూడా పూర్తవలేదు. గెలిచినవాటి కన్నా రేటింగ్ పడినప్పుడు ఏ టోర్నమెంట్లు ఎంచుకుంటున్నారు, ఓపెన్‌లలో 2500 వాళ్ళతో ఆడే రిస్క్ తీసుకుంటున్నారా, ఓపెనింగ్స్ మార్చుకుంటున్నారా, అవి చూస్తూ ఉండండి. ఓపెన్‌లో అలాంటివాడితో ఒక డ్రా ఇస్తే మూడు పాయింట్లు పైనే పోతాయి, పైవాళ్ళు చాలామంది అందుకే వాటి జోలికి వెళ్ళరు, అర్జున్ వెళ్ళాడు, అలా ఆడే 2800 చేరాడు, అది నాకు నంబర్ కన్నా ఎక్కువ నచ్చింది.

చివర్లో "అయితే మీ టాప్ త్రీ ఎవరు" అని ఎలాగూ అడుగుతారు కాబట్టి చెప్పేస్తా, తిట్టుకోండి పర్లేదు. ఒకటి కాస్పరోవ్, 1984 నుంచి 2005లో రిటైరయ్యేదాకా దాదాపు మొత్తం నంబర్ వన్, 2000లో టైటిల్ పోయాక కూడా లినారెస్ 2001, 2002, 2005 గెలిచి, ఫస్ట్‌లో ఉండగానే లేచి వెళ్ళిపోయాడు. రెండు కార్ల్‌సన్, 2011 జూలై నుంచి లిస్ట్‌లో పైనే, 125 క్లాసికల్ గేమ్‌లు వరసగా ఓడకుండా ఆడాడు, అయిదు టైటిల్ మ్యాచ్‌లు గెలిచాడు. 2022లో ఇక టైటిల్ కోసం ఆడనన్నాడు, ఆ ఒక్క కారణంతోనే ఆయన్ని రెండులో పెట్టా, కాస్పరోవ్‌ని కార్పోవ్ అయిదు మ్యాచ్‌లు నిద్రపోనివ్వలేదు, కార్ల్‌సన్‌కి అలా వెంటపడే మనిషి దొరకలేదు, అది ఆయన తప్పు కాదనుకోండి. మూడు లాస్కర్. ఫిషర్ ఎక్కడ అంటారా, నాలుగో అయిదో, కార్పోవ్‌తో కలిపి, 1975లో ఆడి ఓడిపోయి ఉన్నా ఇంకా పైన పెట్టేవాణ్ణి.